సాగులో లేని నేల

ఏప్రిల్ 6, ఆదివారం

పూజ్యులైన వదినగారికి,

మీ మరదలు నమస్కారాలతో రాస్తున్నది. ఇక్కడ మేమిద్దరం క్షేమం అని రాసి, ఆ మాట నిజమేనా అని కాసేపు కలం పట్టుకుని కూర్చున్నాను. తిండికి లోటు లేదు, ఒంట్లో జ్వరాలు లేవు. కాబట్టి క్షేమమే. అక్కడ మీరూ, బాలింతా, చంటిదీ బాగున్నారని మీ ఉత్తరంలో చదివి సంతోషించాం. పిల్లకి మీ ముక్కే వచ్చిందని రాశారు. మీ తమ్ముడు అది విని, ముక్కు వస్తే రానీ, దానిమీద ఉండే కోపం కూడా రాకుండా చూసుకోమను అన్నారు. పోట్లాట మీరూ మీరూ తేల్చుకోండి, మధ్యలో నన్ను లాగకండి.

ఫోన్ చేసి చెప్పకుండా ఇంత పొడుగు ఉత్తరం ఎందుకని అనుకుంటారేమో. ఫోన్లో మీకు సగమే వినపడుతుంది, మిగతా సగం మీరే కల్పించుకుంటారు. పోయినసారి కేసు వాయిదా పడిందని చెబితే, "శుభం, పునాది ఎప్పుడు తీస్తున్నారు?" అన్నారు. అందుకని రాతపూర్వకంగానే చెబుతున్నాను. పైగా మీరు కోప్పడ్డారు కూడా: "పర్మిషను సంగతి ఎవర్నడిగినా నీళ్ళు నములుతారేం, నేనేమన్నా చంటిపిల్లనా?" అని. నిజమే. మీరు ఇచ్చిన నేల గురించి మీకు తెలియకుండా ఉంచడం న్యాయం కాదు.

ముందు ఆఖరి మాట చెప్పేస్తాను, తరవాత కథ. పర్మిషను రాలేదు. ఇవ్వం అని రాసిచ్చేశారు. ఈ నెలాఖరుకి మీ తమ్ముడి షెడ్డు ఖాళీ చేస్తున్నాం.

ఇప్పుడు మొదటినుంచీ చెబుతాను. మీరు తోడబుట్టినవాడికి ఆ పొలం చెక్క రిజిస్టరు చేసి ఇచ్చిన రోజున అన్న మాట నాకింకా చెవుల్లో ఉంది. "నాకు కాలు నువ్విచ్చావు, నీ షెడ్డుకి కాలు పెట్టుకునే చోటు నేనిస్తాను, చెల్లుకు చెల్లు" అన్నారు. నూర్పిడి మిషనులో మీ కాలు పోకపోతే ఆయన ఈపాటికి బల్లలూ కుర్చీలూ చేసుకునే వడ్రంగిగానే ఉండేవారు. మీకోసం చెక్కిన ఆ మొదటి చెక్క కాలితోనే ఈ కాళ్ళు చేసే పని పట్టుకున్నారు. మనకంటే మన షెడ్డుకి వచ్చేవాళ్ళకి ఆ కథ బాగా తెలుసు. కొత్తవాళ్ళు కొలతలిస్తూ భయపడుతుంటే, మన దగ్గరే కాలు పెట్టించుకున్న బస్సు కండక్టరు బల్లమీద కూర్చుని, "మొదటి కాలు సొంత అక్కకే పెట్టాడయ్యా, తేడా వస్తే ఆవిడ ఊరుకుంటుందా!" అని ధైర్యం చెప్పేవాడు.

షెడ్డు యజమాని తన స్థలంలో అద్దెగదులు కట్టుకుంటానని రెండేళ్ళ క్రితమే చెప్పాడు. మనిషి చెడ్డవాడు కాదు, గడువు పెంచుతూనే వచ్చాడు. మనకి మీ నేల ఉంది కదా అన్న ధీమా. కానీ పొలమని నమోదైన నేలమీద నాలుగు గోడలు లేపాలంటే, ముందు అది పొలం కాదని ప్రభుత్వం ఒప్పుకోవాలి. ఆ ఒప్పుకోలు కోసమే దరఖాస్తు. అందులో ఒక ప్రశ్న: భూమి ప్రస్తుతం సాగులో ఉందా? మీ తమ్ముడు లేదు అని రాశారు. అప్పటికి అది నిజం. ఇంతలోగా తేల్చాలని చట్టంలో గడువు ఉంది. గడువు దాటినా ఏమీ చెప్పకపోతే ఇచ్చినట్టే లెక్క అని కూడా ఉంది. అది చదివిన సాయంత్రం నేను కాలేజీ నుంచి నడుస్తూ కాదు, ఇంచుమించు గెంతుతూ వచ్చాను. ఇరవై ఏళ్ళుగా తర్కం పాఠాలు చెబుతున్నదాన్ని కదా, ఇంత చక్కని వాక్యం ఈ మధ్యకాలంలో చదవలేదనుకున్నాను. వాళ్ళు ఇచ్చినా ఇచ్చినట్టే, ఊరుకున్నా ఇచ్చినట్టే!

ఆఫీసులో మన ఫైలు చూసే గుమస్తాకి మీ తమ్ముడు రేపుగారు అని పేరు పెట్టారు. ఆయన ఒక్కనాడూ కసురుకోలేదు వదినా, అదే మా ఖర్మ. కసురుకుంటే పోట్లాడొచ్చు. వెళ్ళగానే కుర్చీ జరిపి, ఫైళ్ళు ఎగిరిపోకుండా పెట్టిన ఇటుక ముక్కని పక్కకి తీసి, మన ఫైలు పైకి లాగి, దుమ్ము దులిపి, "అంతా బాగుందమ్మా, సంతకం ఒక్కటే మిగిలింది, రేపు కనపడండి" అనేవాడు. ఆ రేపులన్నీ కలిపితే ఒక కాపురం అయ్యేది. ఇలా తిరిగి తిరిగి కాళ్ళరిగిపోతాయని నేను విసుక్కుంటే, అరిగితే అరగనీ, కాళ్ళు మన దగ్గర దొరుకుతాయిగా అన్నారు మీ తమ్ముడు. అప్పట్లో ఆయనకి జోకులు వచ్చేవి.

గడువు రేపటితో ముగుస్తుందనగా ఒక కాగితం వచ్చింది, నేల హద్దుల పటం జతపరచలేదు కాబట్టి వెంటనే సమర్పించవలసిందని. అది మొదటిరోజే ఇచ్చాం. రేపుగారే తీసుకుని ముద్ర కొట్టారు. పట్టుకెళ్ళి ముద్ర చూపిస్తే, ఆయన పాపం తనే నొచ్చుకుని, "ఉందమ్మా, నాకు తెలుసు. కానీ పైనుంచి అడగమన్నారు. అడిగితే గడువు మళ్ళీ మొదలవుతుంది కదా" అన్నాడు. నాకెంత నచ్చిందో చెప్పాను చూశారా, ఆ వాక్యం, దాని నడుము అక్కడ విరిగింది.

అప్పుడు లాయరమ్మ దగ్గరికి వెళ్ళాం. నా దగ్గర చదువుకున్న పిల్లే. ఆఫీసు వాళ్ళు చెయ్యవలసిన పని చెయ్యకుండా కూర్చుంటే, చెయ్యమని ఆజ్ఞ ఇవ్వండని పెద్ద కోర్టుని నేరుగా అడగొచ్చట. దాన్ని రిట్ అంటారు. మీ తమ్ముడు ఉన్నవాటిలో మంచి చొక్కా ఇస్త్రీ చేయించుకుని వచ్చారు. కోర్టు హాల్లో గోడల పొడుగునా పుస్తకాలు, మధ్యలో నల్లకోట్ల గుంపు. మన కేసు పిలిచారు. నేను కళ్ళజోడు తుడుచుకుని మళ్ళీ పెట్టుకునేలోపల అయిపోయింది. బయటికొచ్చాక ఆయన, "అయిపోయిందా? నేనింకా నమస్కారమే పెట్టలేదు" అన్నారు. లాయరమ్మ నవ్వుతూ, గెలిచాం సార్, ఇన్ని వారాల్లో తేల్చెయ్యమని ఆర్డరు వేశారు అంది.

తేల్చడమంటే ఇవ్వడమేగా అని అడిగాను. ఆ పిల్ల ముఖంలో నవ్వు కొంచెం తగ్గింది. "లేదు మేడం. తేల్చమని చెప్పడమే కోర్టు పని. ఎటు తేల్చాలో చెప్పదు, అది వాళ్ళ అధికారం" అంది. ఆ మాట నేను అప్పుడే పట్టుకోవలసింది. తేల్చు అనే మాటలో అవును ఎంత ఉందో కాదు కూడా అంతే ఉంది. క్లాసులో ఇలాంటివి పిల్లలు తప్పు చేస్తే మార్కులు కోసేదాన్ని. కానీ ఆయన అప్పటికే మెట్లు దిగుతూ, కిటికీలు ఏ దిక్కుకి పెట్టాలో చెబుతున్నారు. కడ్డీలు పట్టుకుని నడక నేర్చుకునేవాళ్ళకి ఎదురుగా ఎండ పడకూడదట. నేనేం మాట్లాడను?

ఆ వారాలు గడిచాయి. దేవుడు వరమిచ్చినా పూజారి ఇవ్వడంటారు కదా, ఇక్కడ పూజారి ఏకంగా నిద్రపోయాడు. మళ్ళీ లాయరమ్మ, మళ్ళీ కోర్టు. ఈసారి, చెప్పిన మాట వినలేదన్న కేసు. కోర్టు ధిక్కారం అంటారు. ఆ నోటీసు అందేసరికి ఆఫీసుకి ఎక్కడలేని ప్రాణం వచ్చింది. రేపుగారు తనంతట తానే ఫోన్ చేసి, "అమ్మా, రేపు మా ఇన్‌స్పెక్టరు నేల చూడ్డానికి వస్తున్నారు" అన్నాడు. ఆయన నోట నిజమైన రేపు వినడం అదే మొదలు.

మార్చి నెలలో వచ్చారు. మీరు అప్పటికే అమ్మాయి పురిటికి వెళ్ళి చాలా రోజులైంది. ఇన్‌స్పెక్టరు, సర్వేయరు, టేపు పట్టుకోవడానికి ఇంకొకాయన. హద్దులు కొలిచారు, దారి కొలిచారు, నీళ్ళు తాగారు. మీకు సంతోషం కలిగించే మాట ఒకటుంది. మీరు వెళ్ళేముందు చల్లిన నువ్వులు అప్పుడు నిండుగా పూతమీద ఉన్నాయి. ఇన్‌స్పెక్టరు చూసి, "భలే ఉందే చేను! ఎవరు వేశారమ్మా?" అని అడిగాడు. మా వదినగారు అన్నాను. ఫోను తీసి నాలుగు వైపుల నుంచీ ఫొటోలు తీసుకున్నాడు.

తరవాతి వాయిదాకి ప్రభుత్వ లాయరు లేచి ఒక కాగితం అందించాడు. మేం తేల్చేశామండీ, దరఖాస్తు తిరస్కరించాం అన్నాడు. తేల్చారు కాబట్టి ధిక్కారం లేదు, కేసు ముగిసింది అన్నారు జడ్జిగారు. నిర్ణయం నచ్చకపోతే పై అధికారికి అప్పీలు చేసుకోవచ్చన్నారు. మళ్ళీ అదే మెట్లు. మళ్ళీ లాయరమ్మ, ఈసారి నావైపు చూడకుండా, "టెక్నికల్‌గా రెండు కేసులూ మనమే గెలిచాం మేడం" అంది. ఆ పిల్ల తప్పేం లేదు. మేం ఇచ్చిన బస్సు ఛార్జీలు తప్ప ఇంకేం పుచ్చుకోలేదు కూడా.

ఎందుకు తిరస్కరించారంటే, దారి వెడల్పు చాలదట. ఆ సందులోంచి పెద్ద బండి వెళ్ళదట. అంతే సంగతి. మీరు దాని గురించి ఆలోచించి ఆరోగ్యం పాడుచేసుకోవద్దని మీ తమ్ముడు మరీ మరీ రాయమన్నారు.

ఇక అప్పీలు. పై అధికారి అదే భవనంలో మేడమీద కూర్చుంటాడు. ఆయన ఆలస్యం చేస్తే, తేల్చమని చెప్పడానికి మళ్ళీ కోర్టు ఉంది. ఆయన తేల్చి కాదంటే, అది తప్పని ఇంకో రిట్ వేయొచ్చు. అది గెలిస్తే, మళ్ళీ మొదటినుంచి పరిశీలించమని కింది ఆఫీసుకే పంపుతారు. అంటే రేపుగారి బల్లమీదికే. లాయరమ్మ ఇదంతా ఒక కాగితం మీద బాణాలు వేసి చూపించింది. దారులు లేవని ఎవరంటారు? చాలా ఉన్నాయి. అన్నీ తిరిగి తిరిగి ఒకే గుమ్మానికి వస్తాయి. నేను మాత్రం వెయ్యాలనే అంటున్నాను. అంటూనే, ఎందుకంటున్నానో నాకే తెలియడం లేదు. నమ్మకంతోనా, ఇన్నాళ్ళు చదివిన చదువుకి ఇంకేమీ చాతకాకనా?

షెడ్డు మాత్రం ఆగదు. పోయిన వారం అద్దం దింపాం. నిలువుటద్దం, ఆ నడక కడ్డీల ఎదురుగా ఉండేది. దాని వెనక గోడ తెల్లగా, కొత్తగా ఉంది. ప్లాస్టిక్కు రేకులు కరిగించే ఓవెన్ని ఇనుప సామాన్ల కొట్టువాడు తీసుకుపోయాడు. అటకమీద వరసగా ఉండే ప్లాస్టరు కాలి అచ్చుల్ని ఎక్కడ పెట్టాలో తెలియలేదు. ఒక్కొక్కదాని మీదా పెన్సిలుతో మనిషి గుర్తు రాసి ఉంటుంది కదా, కండక్టరు, కుట్టుమిషనావిడ, పాలాయన అని. ఇంట్లో చోటు లేదు, ఎండలో పెడితే పగుళ్ళు. చివరికి ఆయనే పెరట్లో గోనెపట్టా పరిచి, సుత్తి తీసుకుని కూర్చున్నారు. నేను సాయం చేస్తానంటే వద్దన్నారు. ఒక్కొక్కటీ చేతిలోకి తీసుకోవడం, రాసింది చదవడం, ఒక్క దెబ్బ. నేను గుమ్మంలో నిలబడి పేపర్లు దిద్దుతున్నట్టు నటించాను.

కుట్టుమిషనావిడ నిన్న వచ్చింది. ఆవిడకి మామూలు పాదం పనికిరాదు, చీలమండ దగ్గర వంగాలి, లేకపోతే మిషను తొక్కలేదు. ఆ వంపు కోసం మీ తమ్ముడు ఎన్ని పాదాలు చెడగొట్టారో మీకు తెలుసు. వచ్చే ఏడాది ఇది అరిగితే ఎవరు చేస్తారన్నయ్యా అని అడిగింది. పెద్దాసుపత్రికి రామ్మా, నేను అక్కడే ఉంటాను అన్నారు. అవును వదినా, ఒకటో తారీకు నుంచి ఆయన పెద్దాసుపత్రిలో చేరుతున్నారు. అక్కడ ఫ్యాక్టరీ నుంచి డబ్బాల్లో కాళ్ళు వస్తాయి. మూడు సైజులు. కొలత తీసుకోవాలి, డబ్బా తెరవాలి. వంగే చీలమండ ఆ డబ్బాల్లో ఉండదని ఆవిడకి ఆయన చెప్పలేదు. ఆవిడ సరేనన్నయ్యా అని, గుమ్మం దాకా వెళ్ళి, వెనక్కి తిరిగి, "అక్కడ మిమ్మల్ని నవ్వించనిస్తారా మరి?" అంది.

ఈ ఉత్తరంతోపాటు ఒక పార్సిలు వస్తుంది. దాన్లో ఏముందో చెప్పొద్దన్నారు మీ తమ్ముడు. మీరే విప్పండి, పిల్లలెవరికీ ఇవ్వకండి.

అమ్మాయికి ఆశీస్సులు. చల్లగాలిలో తిరగొద్దని ఈ అత్త చెప్పిందని చెప్పండి. చంటిదానికి ముద్దులు. మీరు వచ్చే వారం బయలుదేరతానని రాశారు, బస్సులో కిటికీవైపు కాకుండా కాలు చాపుకునే వీలున్నచోట కూర్చోండి.

ఇట్లు
మీ మరదలు

తా.క. వదినా, ఇక్కడి నుంచి మీరొక్కరే చదవండి. పైన ఒక అబద్ధం రాశాను. ఆయన కళ్ళెదుట రాసిన ఉత్తరం అది. ఇప్పుడు ఆయన పార్సిలుకి తాడు తేవడానికి బజారుకెళ్ళారు.

తిరస్కరించింది దారి కోసం కాదు. ఆర్డరులో ఉన్న ముక్క ఇది: "సదరు భూమి సాగులో లేదని దరఖాస్తుదారు తెలిపినది వాస్తవ విరుద్ధము. తనిఖీ సమయమున పూత దశలో నువ్వు పంట కలదు. ఫొటోలు జతపరచడమైనది." మీ నువ్వులే. ఆఫీసర్లు వచ్చేటప్పటికి నేల బీడుగా కనపడితే మనకే చిన్నతనమని, చుట్టాలొస్తున్నారంటే ఇల్లు సర్దినట్టు సర్దాననీ మీరు జనవరిలో రాశారు. చదివి మేమిద్దరం మురిసిపోయాం తప్ప మాకూ తట్టలేదు.

తట్టింది లాయరమ్మకి. తనిఖీ ముందురోజు, నేలమీద ఏమన్నా ఉంటే ఈ పూటే దున్నించెయ్యండి అని ఫోన్ చేసింది. మీ తమ్ముడు అప్పుడే పార పట్టుకుని బస్సెక్కారు. ట్రాక్టరు మాట్లాడుకుంటానన్నారు. సాయంత్రం తిరిగొచ్చి, "అక్క కాలు వదులైంది. మనకి చెప్పలేదు చూశావా" అని ఒక్క మాట అని, నేరుగా షెడ్డుకెళ్ళి ప్లాస్టరు కలిపారు. పని అయిపోయిందనే అనుకున్నాను.

మర్నాడు వెళ్ళి చూస్తే చేను చేనులాగే ఉంది. ఇన్‌స్పెక్టరు ఫొటోలు తీస్తుంటే మీ తమ్ముడు చాలు మధ్యలో గొంతుక్కూర్చుని నన్ను పిలిచారు. "ఇటు చూడు. ఇక్కడ ఒత్తుగా, ఇక్కడ పలచగా, మళ్ళీ ఒత్తుగా. చాలు పొడుగునా ఇంతే. నేను చేసిన కాలుమీద బరువు పడ్డప్పుడల్లా అక్క ఒళ్ళు కుదిపేసింది. కుదిపినప్పుడల్లా చేతిలోంచి గింజలు ఎక్కువ జారాయి. ఎంత నొప్పితో నడిచిందో!" అన్నారు. ఆ మొక్కల్లో మీ నడక కనపడింది ఆయనకి. దాన్ని దున్నించలేకపోయారు. వెనక నిలబడి ఇన్‌స్పెక్టరు విన్నాడు. రైతు తన చేను గురించి చెప్పుకుంటున్నాడనుకున్నాడు. ఆర్డరులో ఆఖరి వాక్యం కూడా రాస్తాను: "దరఖాస్తుదారు స్వయముగా పంటను చూపి, విత్తిన విధానమును వివరించినారు."

పార్సిల్లో ఉన్నది మీ కాలు. షెడ్డులో చేసిన ఆఖరిది. అచ్చులన్నీ పగలగొట్టినా మీదొక్కటే పగలగొట్టలేదు, దాన్నే అరగదీసి చేశారు. కొలత లేకుండా ఆయన కాలు చెయ్యడం ఇదే మొదటిసారి. చేలో చూసిందే కొలత. ఇంకా వదులనిపిస్తే లోపల పెట్టిన ఊలు మేజోళ్ళు రెండూ వేసుకోండి.

ఇదంతా మీకు తెలియకూడదని ఒట్టు వేయించుకున్నారు. ఒట్టు తప్పి ఎందుకు రాస్తున్నానంటే, కోత కాగానే మళ్ళీ ఏదో ఒకటి చల్లుతానని మీరు రాశారు. అప్పీలు వేస్తే మళ్ళీ తనిఖీకి వస్తారు. అప్పుడు నేల ఖాళీగా ఉండాలి. చల్లకండి అని చెప్పడానికే ఈ తా.క. మొదలుపెట్టాను.

ఇంతలో ఆయన తాడు తెచ్చారు. కాగితం మీద చెయ్యి అడ్డం పెట్టుకున్నాను. ఆయన చూడలేదు. కాలిని పాతచీర ముక్కలో చుట్టి, డబ్బాలో పెట్టి, ముడి బిగిస్తూ, నాతోనో తనతోనో అన్నారు: "ఈసారి చల్లితే గింజలు సమంగా పడతాయి."